ఏడో నంబరు కడ్డీ

కిందటి వారం వదినను మా షాపు గుమ్మంలో నిలబెట్టి వదిలేశాను. వారం రోజులుగా అక్కడే నిలబడి ఉంది. నాకేం జాలి లేదు. గుమ్మంలో నిలబడడం ఎలా ఉంటుందో ఆవిడకీ కాస్త తెలియాలి.

మధ్యలో చేరిన వాళ్ళ కోసం నాలుగు ముక్కలు చెప్పేస్తాను. మా అన్న ఈ పరిశోధనశాలలో శాస్త్రవేత్త. అదే ఆవరణలో నేను గాజు షాపు నడుపుతాను. వాళ్ళకి కావలసిన బుడ్లూ గొట్టాలూ కడ్డీలూ మంట దగ్గర ఊది, సాగదీసి ఇస్తాను. మా నాన్న చేసిన పనే, నాన్న కూర్చున్న స్టూలే. అన్న పదిహేనేళ్ళుగా ఒకటే మాట పట్టుకున్నాడు. ఏ వస్తువూ తను గడిపిన బతుకును మర్చిపోదట. ఒక గాజు ముక్కను ఒక వేడి దగ్గర పూటంతా ఉంచి చల్లార్చామనుకోండి. ఆ తరవాత ఎప్పుడు వేడి చేసినా, సరిగ్గా ఆ వేడి దగ్గరికి రాగానే అది కొన్ని క్షణాలు ఆగుతుందట, పాత ఇంటి ముందు నుంచి వెళ్ళేవాడి కాలు ఆగినట్టు. యంత్రంలో ముల్లు కదలకుండా నిలబడుతుంది. దానికి జాడ సిద్ధాంతం అని పేరు పెట్టుకున్నాడు. ఇంట్లో మేం అన్న పైత్యం అనేవాళ్ళం, ప్రేమగానే.

రెండు నెలల కిందట దానికి పరీక్ష పెట్టారు. నేను చేసిన కడ్డీలు ఇరవై నాలుగు. పన్నెండింటిని నా కొలిమిలోనే, రోజూ నేను పెట్టే వేడి దగ్గరే, పగలంతా ఉంచారు. మిగతా పన్నెండింటికీ కొలిమి మొహమే చూపించకూడదు. అన్నీ కలిపేసి, ఏది ఏదో చెప్పకుండా అన్న చేతికిచ్చారు. అన్న యంత్రం ఇరవై నాలుగూ ఆగాయంది, కొలిమి చూడనివి కూడా. ఆగుతున్నది గాజు కాదు, యంత్రమే అని కొలతల విభాగం రిపోర్టు రాసింది. ఆ విభాగానికి పెద్ద మా వదిన.

అన్న ఆ సాయంత్రమే బట్టలు సర్దుకుని నా ఇంటికొచ్చేశాడు. కడ్డీలు మార్చేసింది తన భార్యేనని కమిటీకి ఫిర్యాదు పెట్టాడు. రేపు పొద్దున పదింటికి కమిటీ చివరి సంతకాలు. అవి పడితే అన్న గదికి తాళం, పదిహేనేళ్ళ కాగితాలు పాత సామాన్ల కొట్లోకి. ఇదీ సంగతి. ఇంక వదినను లోపలికి రానిద్దాం.

"రావచ్చా?" అంది.

"గుమ్మం పరిశోధనశాలది. మీ ఇష్టం," అన్నాను.

పాతికేళ్ళుగా నువ్వు అని పిలిచిన వదినను రెండు నెలలుగా మీరు అంటున్నాను. మర్యాద కూడా కొట్టడానికి పనికొస్తుందని ఈ మధ్యే కనిపెట్టాను.

నేను ఆ రోజు ఊదిన బుడ్లను కొలిమిలో సర్దుతున్నాను. మధ్యాహ్నం నాలుగవుతోంది. కొలిమి చల్లగానే ఉంది, తలుపు బార్లా తెరిచి ఉంది. సర్దడం అయ్యాక తలుపు మూసి స్విచ్చి వేస్తే, రాత్రంతా కాగి, తెల్లారేసరికి మెల్లగా చల్లారుతుంది. వదిన నా బల్ల మీద పట్టకార్లు ఓ పక్కకి జరిపి, చంకలోంచి ఒక చదును పెట్టె తీసి పెట్టింది. నా బల్ల మీద నా పనిముట్లు జరిపే హక్కు నాన్నకి తప్ప ఎవరికీ ఇవ్వలేదు. ఆవిడకది తెలుసు, జరిపింది.

పరిశోధనశాలలో ఆవిడను స్కేలుబద్ద అంటారు. ఆ పేరు పెట్టింది మా అన్నే, పెళ్ళైన కొత్తలో, ముద్దుగా. తరవాత ముద్దు పోయింది, పేరు మిగిలింది.

పెట్టె మూత తీసింది. లోపల మెత్తని గుడ్డ, దాంట్లో పన్నెండు గాళ్ళు, ఒక్కో గాడిలో ఒక్కో కడ్డీ ముక్క. నేను చేసినవే. నా గాజును నేను చీకట్లో తడిమినా పోల్చుకోగలను.

"పరీక్షకి ముందు ఒక్కో కడ్డీని రెండుగా కోయించాను. సగం ఆయన యంత్రంలోకి పోయింది. సగం నా దగ్గర సీలు వేసి ఉంచాను, రేపొద్దున ఏదైనా పేచీ వస్తే చూపించడానికి. ఇవి ఆ పన్నెండు. కొలిమి చూడని పన్నెండు."

"పేచీ వచ్చిందిగా. మీ పెట్టె మీ దగ్గరే ఉంది, సీలు మీదే, కోయించింది మీరే. మారిస్తే మీరే మార్చుండాలి."

వదిన నా మాట విననట్టే ఒక తెల్ల గుడ్డ తీసి, ఒక ముక్కను అటూ ఇటూ తుడిచి నాకు చూపించింది. గుడ్డ మీద వెంట్రుకంత సన్నని ఎర్రటి గీత.

"ఇదేంటో చెప్పు," అంది.

ఇటుక పొడి. ఆ రంగు నాకు కొత్త కాదు. నా కొలిమి అరలు ఆ ఇటుకతో కట్టినవే. కొలిమి దిగిన ప్రతి వస్తువు అడుగునా ఆ గీత ఉంటుంది, తుడిచి ఇచ్చినా కాస్త మిగులుతుంది.

"బల్ల మీద ఉంటుంది ఆ పొడి. ఎక్కడైనా అంటుకుంటుంది," అన్నాను. గొంతు మామూలుగానే ఉంది, అది నాకు గుర్తుంది.

"నేనూ అదే అనుకున్నా. అందుకే నీ రంగుల పెట్టె కోసం వచ్చాను. ఈ ఆవరణలో అది నీ ఒక్కదాని దగ్గరే ఉంది."

దాని అసలు పేరు పొడుగ్గా ఉంటుంది. నాన్న రంగుల పెట్టె అన్నాడు, మేమూ అదే అంటాం. వెనక బల్బు, ముందు రెండు నల్లటి అద్దాలు. మధ్యలో గాజు పెట్టి చూడాలి. మంట దగ్గర చేసిన గాజు గాలికి చల్లారితే పైన ముందు బిగుసుకుంటుంది, లోపల తరవాత. ఆ పెనుగులాట లోపలే ఉండిపోతుంది, పైకి కనబడదు. రంగుల పెట్టెలో పెడితే పసుపూ నీలం గులాబీ చారలు చారలుగా బయటపడుతుంది. అదే గాజును ఒక రాత్రి కొలిమిలో పడుకోబెడితే పెనుగులాట పోతుంది. అప్పుడు పెట్టెలో ఏమీ కనబడదు, వట్టి చీకటి. గాజుకి కోపం లోపల ఉంటుందమ్మా, పడుకుంటే పోతుంది అనేవాడు నాన్న.

"రండి, చూడండి. కొలిమి చూడని కడ్డీకి రంగులు రావాలి. రంగులొస్తే మీరు నోరు మూసుకుని వెళ్ళిపోవాలి," అన్నాను. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు ఈవిడే వచ్చి దొరికిందని లోపల సంబరంగా ఉంది.

మొదటి ముక్క పెట్టాను. చీకటి.

రెండోది పెట్టాను. చీకటి. అద్దాలు తుడిచాను. మూడోది కూడా అంతే. బల్బు పోయిందేమోనని, కొలిమిలో సర్దుతున్న ఆనాటి బుడ్డి ఒకటి తెచ్చి పెట్టాను. మెడ చుట్టూ నీలం చారలు తేలాయి. పెట్టె బాగానే ఉంది. నాలుగోది, ఐదోది చూశాను. వదిన పక్కనే నిలబడి చిన్న పుస్తకంలో టిక్కులు పెడుతోంది.

"ఎవరో కొలిమిలో పెట్టారు," అన్నాను.

"ఎవరో," అంది వదిన.

"నేను పెట్టలేదు. పెట్టొద్దని ఉత్తర్వు చదివాను. పెట్టలేదని సంతకం కూడా చేశాను."

"సంతకం నా దగ్గరుంది. కడ్డీలు సాగదీసిన సాయంత్రం ఏం చేశావో గుర్తు తెచ్చుకో."

గుర్తు తెచ్చుకోవడానికి ఏముంది? రోజూ చేసేదే. బర్నరు ఆపి, బల్ల తుడిచి, దాని పైన అరల మీద ఉన్నదంతా కొలిమిలో సర్ది, స్విచ్చి వేసి, తాళం పెట్టి ఇంటికి.

అరల మీద ఉన్నదంతా.

నాకు తొమ్మిదేళ్ళప్పుడు కొలిమి చూడని బుడ్డి ఒకటి నాన్న చేతిలోనే పగిలింది. ఆయన ఎడమ కన్ను పోయింది. ఆ కట్టు విప్పిన రోజే నన్ను ఈ బల్ల ముందు కూర్చోబెట్టి ఒట్టేయించుకున్నాడు. ఏ గాజైనా సరే, ఎవరు ఏం చెప్పినా సరే, రాత్రి కొలిమిలో పడుకోకుండా ఈ గది దాటకూడదు. అన్నం కలపడం ఎలా అలవాటైందో ఇదీ అలా అలవాటైంది. రాత్రి పెట్టడం, పొద్దున తీసి అరల మీద సర్దడం రెండూ చేతులే చేసేస్తాయి. నన్ను అడగవు. తాళం వేశానా అని సగం దారిలో ఆగి ఆలోచించే వాళ్ళకి నేను చెప్పేది అర్థమవుతుంది.

ఆ కడ్డీలను కొలిమిలో పెట్టింది నేనే. మా అన్న పదిహేనేళ్ళ పనిని పాడు చేసింది నా ఈ రెండు చేతులే. రెండు నెలలుగా వదినను తిట్టని తిట్టు లేదు. కట్టుకున్నవాడి నోట్లో మట్టి కొట్టిందని కనబడ్డ వాళ్ళందరికీ చెప్పాను. సిగ్గు, భయం, ఏడుపు మూడూ ఒకేసారి ముంచుకొచ్చాయి. వాటన్నిటికంటే ముందు కోపం వచ్చింది, అదీ వదిన మీదే. నిజం ఈవిడ చేత్తోనే రావాలా?

"ఎప్పటి నుంచి తెలుసు?" అన్నాను.

"గుడ్డ మీద గీత నిన్న చూశాను. తెలిసింది ఇప్పుడే, నీతోపాటు." పెన్ను మూత పెట్టింది. "రేపు పదింటికి వచ్చి కమిటీ ముందు చెప్పు. పరీక్ష చెల్లదంటారు, మళ్ళీ పెడతారు. మీ అన్న గది ఉంటుంది."

"నా షాపు?"

"ఉత్తర్వు మీరావు. తప్పుడు సంతకం పెట్టావు. షాపు ఉండదు. అబద్ధం చెప్పి ఆశ పెట్టడం నాకు రాదు."

"అందుకే వచ్చారన్నమాట. అన్నను నిలబెడుతున్నట్టు నటించి నన్ను పడగొట్టడానికి."

"నేను మీ అన్న కోసం రాలేదు, నీ కోసమూ రాలేదు," అంది వదిన. ఆవిడ గొంతు లేవడం పాతికేళ్ళలో మొదటిసారి విన్నాను. "ముల్లు ఏం చెప్పిందో అది రాశాను. అంతకంటే ఒక్క అక్షరం ఎక్కువ రాయలేదు. దానికి క్యాంటీన్లో నా బల్ల దగ్గర ఎవరూ కూర్చోవడం మానేశారు. కడ్డీలు మార్చినావిడట అంటున్నారు. ముప్పై ఏళ్ళు కొలిచాను, ఒక్క అంకె మార్చలేదు. నాకు నా పేరు కావాలి. అది మీ అన్నాచెల్లెళ్ళ దగ్గరుంది."

అప్పుడే అన్న వచ్చాడు. రోజూ నాలుగు దాటాక వచ్చి నాన్న స్టూలు మీద కాసేపు కూర్చుంటాడు, గదికి తాళం పడితే ఎక్కడ కూర్చోవాలో ముందుగా అలవాటు చేసుకుంటున్నట్టు. వదినను చూసి ఆగిపోయాడు.

"ఇక్కడ కూడా వదలవా?" అన్నాడు.

"మీ కోసం రాలేదు."

"మరి దేనికి? మిగతావి కూడా మార్చడానికా?"

"మార్చింది ఎవరో మీ చెల్లెల్ని అడగండి."

అడిగే అవసరం లేకుండా నేనే చెప్పేశాను. ఆగి ఆగి చెబితే చెప్పలేనని ఒక్క గుక్కలో చెప్పాను. అన్న తిడతాడనుకున్నాను, కొట్టినా పడదామనుకున్నాను. ఆయన కళ్ళు నా మీద నుంచి జారి ఎక్కడో గోడ మీద నిలిచాయి. పెదవులు కదులుతున్నాయి.

"అంటే అవి కొలిమి చూసినవే," అన్నాడు. "అన్నీ చూసినవే. యంత్రం అన్నీ ఆగాయంది. ఆగాలి మరి. ఇరవై నాలుగుకి ఇరవై నాలుగు." నా వైపు తిరిగాడు. "కాగితం తీసుకో. రాయి. ఇప్పుడే."

"రాస్తాను. షాపు పోతుందట అన్నా."

"పోతే పోనీ."

ఆ మాట ఆయన ఆలోచించి అన్నది కాదు. అది నాకూ తెలుసు. అయినా దిగింది.

"ఆ మాట అనేముందు ఒక్క క్షణం ఆగొచ్చుగా," అంది వదిన.

"రిపోర్టు రాసేముందు నువ్వు ఆగావా?"

"పదకొండు రోజులు ఆగాను. మీరు ఫిర్యాదు రాయడానికి పదకొండు నిమిషాలు పట్టలేదు."

"నా బతుకు పోయిందక్కడ."

"నాది కూడా మీరే తీశారు. ముందు ఫిర్యాదు వెనక్కి తీసుకోండి. తరవాత మీ ఇరవై నాలుగు లెక్కపెట్టుకుందురుగాని."

మొదలైంది. ఏ ఏడాది ఎవరు ఏమన్నారో, ఎవరి పుస్తకాలు ఎవరు అటక మీద పడేశారో, ఒక్కటి వదలకుండా తవ్వుకుంటున్నారు. వస్తువులు మర్చిపోవని పదిహేనేళ్ళు పరిశోధన చేశాడు మా అన్న. ఈ ఇద్దరినీ కూర్చోబెడితే పదిహేను నిమిషాల్లో తేలేది. నేను వాళ్ళకి వీపు తిప్పి మిగిలిన ముక్కలు రంగుల పెట్టెలో పెట్టడం మొదలుపెట్టాను. సగంలో వదిలిన పని చూస్తే నాకు చేతులు దురద పెడతాయి.

ఇంకా ఏడు ఉన్నాయి. ఒక్కొక్కటీ చీకటి. చివరికి ఒకటి మిగిలింది. దాని ఒంటి మీద వజ్రపు మొనతో గీసిన నంబరు ఏడు.

పెట్టాను. పసుపు, నీలం, గులాబీ.

కళ్ళు నులుముకుని మళ్ళీ చూశాను. చారలు ఎక్కడికీ పోలేదు. ముక్క తీసి కోసిన వైపు వేలితో తడిమాను. మిగతావన్నీ నున్నగా తెగాయి. ఇది పెచ్చులూడింది. కోసినవాడి చేతకానితనం అనుకుని ఉంటుంది వదిన. కోపం లోపలున్న గాజు నున్నగా తెగదు, అంతే. అప్పుడు గుర్తొచ్చింది. కడ్డీలు సాగదీసిన మర్నాడు పొద్దున వాటిని కట్ట కట్టేటప్పుడు ఒకటి బర్నరు వెనక, బల్ల మీద దొరికింది. అర మీద నుంచి అప్పుడే దొర్లిందనుకున్నాను. అప్పుడు కాదు. ముందు రోజు సాయంత్రమే దొర్లింది. నా చేతులకి అది కనబడలేదు. ఆ ఒక్కటీ కొలిమి మొహం చూడలేదు.

చూడకపోయినా అన్న యంత్రంలో అది ఆగింది.

పరీక్షకి ముందు అన్న స్వయంగా రాసిచ్చిన కాగితం ఈ గోడకే అతికించి ఉంది, నాన్న ఫొటో కింద. జాడ లేని ముక్క ఒక్కటి ఆగినా నా సిద్ధాంతం తప్పు, యంత్రాన్ని నా చేత్తో నేనే విప్పేస్తాను. ఒక్కటి చాలన్నాడు. ఆ ఒక్కటీ నా అరచేతిలో ఉంది. ఆగుతున్నది యంత్రమే. వదిన మొదటి రోజు రాసిందే నిజం.

పోతే పోనీ అన్నాడుగా. ఆ మాట ఇంకా చెవిలో ఉంది. చెప్పేద్దామని తిరిగాను. ఇదిగో అన్నా, నీ ఇరవై నాలుగులో ఒకటి, నీ కోసం షాపు పోగొట్టుకోబోయాను, చూసుకో. మాట పెదవి దాకా వచ్చింది.

అన్న నాన్న స్టూలు మీద కూర్చుని ఉన్నాడు. ఎప్పుడు ఆగిపోయాయో వాళ్ళ మాటలు, నేను గమనించలేదు. రెండు చేతులతో మొహం కప్పుకున్నాడు, భుజాలు కదులుతున్నాయి. యాభై రెండేళ్ళ మనిషి. ఇరవై నాలుగుకి ఇరవై నాలుగు అని సన్నగా గొణుక్కుంటున్నాడు, పరీక్ష పాసైన పిల్లాడిలా. వదిన ఆయన వెనక నిలబడి ఉంది. ఆవిడ చెయ్యి ఆయన భుజానికి జానెడు దూరంలో ఆగి ఉంది. ఇంకా ఆనలేదు. వెనక్కీ తీసుకోలేదు.

నాకు ఏడుపొచ్చింది. ఆ జానెడు దూరం మీద కోపమొచ్చింది, ఈ ముక్క మీద కోపమొచ్చింది, ఒక్క కడ్డీని సరిగ్గా చూసుకోలేని నా చేతుల మీద అంతకంటే ఎక్కువ కోపమొచ్చింది.

కొలిమి తలుపు తెరిచే ఉంది. బుడ్లు వరసగా ఉన్నాయి. మొదటి వరస వెనక, పెద్ద బుడ్డి నీడలో, ఏడో నంబరును పడుకోబెట్టాను. తెల్లారేసరికి దాని రంగులు పోతాయి. పదింటికి కమిటీ కూర్చునేటప్పటికి అది మిగతా పదకొండింటి లాగే ఉంటుంది, ఎవరికీ ఏమీ చెప్పదు. తలుపు మూశాను. స్విచ్చి వేశాను. టక్కుమంది. ముప్పై ఏళ్ళుగా రోజూ చేస్తున్న పనే. ఈసారి మాత్రం చెయ్యి తనంతట తను వెళ్ళలేదు. నేనే పంపాను.

తిరిగి చూసేసరికి వదిన చెయ్యి అన్న భుజం దగ్గర లేదు. ఆవిడ నా బల్ల ముందు నిలబడి, ముక్కలను ఒక్కొక్కటే గుడ్డ గాళ్ళలోకి సర్దుతోంది, నంబరు చూసి, పుస్తకంలో టిక్కు పెట్టి, మళ్ళీ నంబరు చూసి. పదకొండో టిక్కు దగ్గర పెన్ను ఆగింది.

"ఏడో గాడి ఖాళీగా ఉంది," అంది. "ఏడో నంబరు ఏది?"

అడిగింది నన్నే. చూస్తున్నది మాత్రం కొలిమి మీద అప్పుడే వెలిగిన ఎర్రదీపం వైపు.